జూమ్ హెచ్1 ఎసెన్షియల్: పెద్దోళ్ల ముచ్చట రికార్డు చేసేటందుకు ఎట్లుంది?

పాలమూరు, నల్లగొండ పల్లెల్లో పాత జ్ఞాపకాల మీద డాక్యుమెంటరీ తీద్దామని బయలుదేరేవాళ్లు మొదట కొనేది కెమెరా. రికార్డర్ సంగతి చివర్లో గుర్తొస్తుంది, అదీ చేతిలో డబ్బులు మిగిలితే. ఈ వరుస తిరగేయాలి. రజాకార్ల కాలం గురించి చెప్పే అవ్వ ముఖం సరిగ్గా పడకపోతే ఆ మాటల మీద పాత ఫోటో వేసుకోవచ్చు, కూలిన దొర గడి గోడ వేసుకోవచ్చు, ఉర్దూలో రాసిన పహాణీ (భూమి రికార్డు) నకలు వేసుకోవచ్చు. మాటే ఫ్యాను మోతలో కలిసిపోతే దాని బదులు వేసేందుకు ఏమీ ఉండదు. 1948 సెప్టెంబర్ నాటికి ఊహ తెలిసిన పిల్లలకు ఇప్పుడు ఎనభై దాటాయి. ఇంకోసారి వచ్చి అడుగుదాంలే అనే ధీమా ఆ తరం దగ్గర పనికిరాదు.

జూమ్ కంపెనీ 2024లో తెచ్చిన హెచ్1 ఎసెన్షియల్ అరచేతిలో పట్టే రికార్డర్. పాటలకు, యూట్యూబ్‌కు ఇది ఎట్లుందో చెప్పే రివ్యూలు బోలెడున్నాయి. ఇక్కడ చూసేది వేరే: ఒక్క మనిషి సంచి తగిలించుకొని పల్లెవెలుగు బస్సులో పోయి, అరుగు మీదనో రేకుల ఇంట్లోనో ఒక పెద్దమనిషి ముందు కూర్చొని గంటన్నర ముచ్చట పట్టుకురావాలంటే ఇది సరిపోతుందా? సరిపోతుంది. కానీ డబ్బా మీద రాసిన కారణానికి కాదు.

డబ్బా మీద పెద్దగా ఉండేది 32-బిట్ ఫ్లోట్. అంటే శబ్దం ఎంత ఎక్కువైనా, ఎంత తక్కువైనా ఫైలులో అంకెలకు చోటు చాలకపోవడం ఉండదు. పాత 24-బిట్ రికార్డర్‌లో లెవల్ చక్రం తిప్పి పెట్టుకోవాలి. ఎక్కువ పెడితే గట్టి మాట పగిలిపోతుంది, తక్కువ పెడితే మెల్లని మాట అడుగున పడుతుంది. ఇందులో ఆ చక్రమే లేదు. ఈ సౌకర్యం ముసలివాళ్ల ముచ్చటకు నిజంగానే పనికొస్తుంది. దొర పేరు చెప్పేటప్పుడు ఇప్పటికీ గొంతు తగ్గించేవాళ్లున్నారు. మరు నిమిషమే దొరల మీద పోరాడిన సంఘం పాట అందుకుంటే గొంతు ఖంగుమంటుంది. ఆ రెంటి నడుమ లెవల్ సరిచేసుకునే తీరిక ప్రశ్న అడిగేవాడికి ఉండదు, ఉండకూడదు కూడా. వాడి కళ్లు అవతలి మనిషి మీద ఉండాలి.

అయితే 32-బిట్ కాపాడేది ఫైలును మాత్రమే, మైకును కాదు. మైకు తట్టుకునే గరిష్ఠ శబ్దం 120 డెసిబెల్స్. పీర్ల పండుగలో డప్పుల గుంపు నడుమకు పోయి నిలబడితే ముందు మైకే చేతులెత్తేస్తుంది. ఫైలు ఎన్ని బిట్లదైనా ఆ పగులు అట్లాగే ఉంటుంది. నాలుగైదు మీటర్లు వెనక్కి జరగడం ఒక్కటే మార్గం. అవతలి కొసన గుసగుస సంగతీ అంతే. గొంతును తర్వాత ఎంతైనా పెంచుకోవచ్చు గానీ, దానితో పాటు మైకు సొంత సరసర శబ్దమూ, గది మోతా అంతే పెరుగుతాయి. మెల్లని గొంతుకు మందు దగ్గరితనమే. దూరం సగమైతే గొంతు 6 డెసిబెల్స్ పెరుగుతుంది, గది మోత మాత్రం ఉన్నకాడే ఉంటుంది. ఏ మెనూలోనూ దొరకని లాభం అది.

కొలత చెప్పాలంటే మైకు నోటికి జానెడున్నర నుంచి మూరెడు లోపల ఉండాలి. సరిగ్గా నోటి ఎదురుగా పెడితే 'ప', 'భ' పలికినప్పుడల్లా గాలి తగిలి బుప్‌మంటుంది. గడ్డం కంటే కొంచెం దిగువన, మైకు ముఖం పైకి చూసేట్టు పెట్టాలి. చేత్తో పట్టుకోవద్దు, ప్లాస్టిక్ ఒంటి మీద వేలు జరిగినా రికార్డింగ్‌లో గరగర వినిపిస్తుంది. చిన్న ట్రైపాడ్‌కు బిగించి స్టూలు మీద పెట్టాలి, ట్రైపాడ్ కాళ్ల కింద నాలుగు మడతల తువ్వాల వేయాలి. మనిషి కూర్చున్న నులక మంచం మీదనే రికార్డర్ పెట్టడం చాలామంది చేసే తప్పు. మనిషి కదిలినప్పుడల్లా మంచం కిర్రుమంటుంది, ఆ కదలిక ట్రైపాడ్ గుండా నేరుగా మైకుకు ఎక్కుతుంది. వీలైతే మనిషిని ప్లాస్టిక్ కుర్చీలోకి మార్చాలి. వినకపోతే మంచం మీదనే ఉండనిచ్చి, రికార్డర్‌ను నేల మీద నిలబెట్టిన స్టాండుకు మార్చుకోవాలి.

రెండు మైకులూ ఒకటి ఎడమకు, ఒకటి కుడికి చూస్తూ అడ్డంగా ఉంటాయి. ఒక్కరే మాట్లాడుతుంటే ఇంత స్టీరియో అవసరం లేదనిపిస్తుంది గానీ, దీన్ని వాడుకునే కిటుకు ఒకటుంది. రికార్డర్‌ను పక్కకు తిప్పి, ఎడమ మైకు చెప్పేవాళ్ల వైపు, కుడి మైకు అడిగేవాళ్ల వైపు చూసేట్టు పెట్టండి. ఎడిటింగ్‌లో ఎడమ ట్రాకు ఒక్కటే ఉంచుకుంటే 'ఆఁ', 'ఊఁ' అని మనం కొట్టిన ఊ కొంతవరకు తగ్గుతుంది. పూర్తిగా పోదు. ఊ కొట్టకుండా తల ఊపడం నేర్చుకోవడమే మేలు, కానీ ఊ కొట్టకపోతే ముచ్చట ఆపేసే పెద్దవాళ్లూ ఉంటారు మరి.

ఇక గది. లెవల్ పాడుచేసిన రికార్డింగుల కన్నా గది పాడుచేసినవే ఎక్కువ, ఈ రికార్డర్ ఆ విషయంలో ఏ సాయమూ చేయదు. సిమెంటు గోడలు, బండల నేల, పైన రేకులు ఉన్న గదిలో మాట ఇటు తగిలి అటు మోగుతుంది. చెవికి అంతగా తెలియదు, హెడ్‌ఫోన్ పెట్టుకుంటే బావిలో నుంచి మాట్లాడినట్టుంటుంది. దీనికి అన్నిటికన్నా మంచి మందు పాలమూరు ఇళ్లల్లోనే ఉంది: గొంగడి. బరువైన ఉన్ని శబ్దాన్ని తాగేస్తుంది. చెప్పేవాళ్ల ఎదుటి గోడకు ఒకటి వేలాడదీసి, నేల మీద ఒకటి పరిస్తే గది సగం సద్దుమణుగుతుంది. గొంగడి లేకపోతే రెండు మడతల బొంత. కెమెరాలో అవి కనిపించకుండా ఫ్రేము పెట్టుకోవచ్చు, కనిపించినా తప్పేం లేదు.

ఫ్యాను ఆపాలి. మే నెలలో ఎనభై దాటిన మనిషిని ఫ్యాను లేకుండా కూర్చోబెట్టడం పాపం కాబట్టి పావుగంట రికార్డింగ్, ఐదు నిమిషాలు ఫ్యాను అనే లెక్కన నడపాలి. లేదంటే పొద్దున ఏడింటికే కూర్చోవాలి. మధ్యాహ్నం రేకులు ఎండకు సాగి టకటకమంటాయి, సాయంత్రం చల్లబడేటప్పుడూ అంతే. ఫ్రిజ్ ప్లగ్గు పీకితే మళ్లీ పెట్టడం మరిచిపోకుండా మన తాళంచెవి ఫ్రిజ్‌లోనే పెట్టండి. బోరు మోటరు, పక్క సందులో గిర్ని, ఎదురింటి టీవీ, వీటికి పోయి బతిమాలుకోవడమే. మోటర్లు ఏ వేళకు నడుపుతారో ముందు రోజే కనుక్కుంటే వాటి సంగతైనా తెలుస్తుంది. ఇవన్నీ అయ్యాక ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం గది నిశ్శబ్దాన్ని రికార్డు చేసుకోవాలి. ఎడిటింగ్‌లో కోతలు కోసిన చోట నింపేందుకు అది కావాలి.

గది మోత గురించి ఇంత చెప్పడానికి కారణం ఉంది. ఈ ప్రాంతపు జ్ఞాపకమంతా మాటల్లో ఉంటుంది, ఆ మాటలు పక్క జిల్లాల వాళ్లకే కొత్త. మక్తా, జాగీరు (భూమి హక్కులు), సేత్వార్ (భూమి రికార్డు), గిర్దావర్, పట్వారీ (రెవెన్యూ ఉద్యోగులు), వెట్టి (కూలి లేని చాకిరీ), హాలీ సిక్కా (నిజాం నాణెం). నిజాం రాజ్యపు దఫ్తరు ఉర్దూ, ఊరి తెలుగులో ఇంకిపోయిన పలుకుబడి అది. 'క', 'ఖ' తేడా, 'స', 'ష' తేడా పలికించే శబ్దం చాలావరకు పై శృతుల్లో ఉంటుంది. మనిషి మైకుకు దూరమైనా, గది మోగినా ముందు పోయేది అదే. పళ్లు ఊడిన నోరైతే అసలే తక్కువ. వాక్యం అర్థమవుతుంది, మాట పోతుంది. రాసుకునేవాడు 'మక్తా'ను 'మొత్తం' అని రాసుకుంటాడు, సబ్‌టైటిల్‌లో ఒక భూమి హక్కు చరిత్రే మాయమవుతుంది. 'మీకు స్వతంత్రం ఎప్పుడొచ్చింది?' అని అడిగితే 1947 ఆగస్టు 15 అనేవాళ్లూ ఉంటారు, పోలీస్ యాక్షన్ నాడు అనేవాళ్లూ ఉంటారు, 'మాకెక్కడొచ్చింది బిడ్డా' అనేవాళ్లూ ఉంటారు. ఆ మూడో జవాబు సాధారణంగా గొంతు దిగినప్పుడే వస్తుంది. మైకు మూరెడు దూరంలో ఉందా, నాలుగు మూరల దూరంలో ఉందా అన్నది అక్కడ తేలుతుంది.

బట్టలకు పెట్టే క్లిప్ మైకు వాడాలనుకుంటే రికార్డర్ పక్కన 3.5 మిల్లీమీటర్ల రంధ్రం ఉంది, చిన్న మైకులకు కావలసిన కరెంటు కూడా అదే ఇస్తుంది. జాక్ చూసి కొనాలి. జాక్ మీద మూడు నల్ల గీతలుంటే అది ఫోన్‌కు చేసిన మైకు, ఇందులో పెడితే శబ్దం రాకపోవచ్చు, వచ్చినా గుర్రుమనొచ్చు. రెండు గీతలది కావాలి. బయటి మైకు పెట్టాక లోపలి మైకులు పనిచేయవు, రెండూ కలిపి రికార్డు చేయడం ఇందులో కుదరదు. పెట్టే చోటు గడ్డానికి జానెడు కింద. చీర కొంగు మీద పెడితే కొంగు సర్దుకున్నప్పుడల్లా సరసర. నారాయణపేట నూలు చీరకు కొంత నయం, గద్వాల జరీ అంచు తగిలితే ఇక చెప్పనక్కర్లేదు. రవిక అంచుకు పెట్టుకోమని ఆమెకే ఇవ్వాలి, లేదా ఇంట్లో ఆడవాళ్లతో పెట్టించాలి. వేసవిలో పెద్దాయన ఒంటి మీద తువ్వాల తప్ప ఏమీ ఉండదు. అప్పుడు క్లిప్ మైకు ఆశ వదులుకొని స్టాండుకే రావాలి. తువ్వాల మీద పెట్టిన మైకు చెమట తుడుచుకునే చేతితో పాటే పోతుంది.

ఆరుబయట పనికి ఈ రికార్డర్ ఒట్టిగా పనికిరాదు. మైకులకు జాలీ తప్ప అడ్డం లేదు, చిన్న గాలికే బుడబుడమంటాయి. శ్రీశైలం రిజర్వాయరు కింద మునిగిన ఊళ్ల జ్ఞాపకాలు తీసేవాళ్లు ఎట్లాగూ సోమశిల, అలంపురం వైపు కృష్ణ, తుంగభద్ర ఒడ్డులకు పోతారు. 885 అడుగుల పూర్తి మట్టం నుంచి నీళ్లు బాగా దిగిన ఎండాకాలంలో పాత ఊళ్ల ఆనవాళ్లు తేలుతాయి, అవి చూపిస్తూ 'ఇదే మా ఇల్లుండె' అని చెప్పించాలని ఎవరికైనా ఉంటుంది. అక్కడ వీచే గాలికి లో కట్ పెడితే సరిపోతుందనుకోవద్దు. లో కట్ అడుగు శబ్దాన్ని కోస్తుందంతే. గాలి దెబ్బకు మైకు పొరే ఊగిపోయాక మిగిలేది ఏమీ ఉండదు. బొచ్చు తొడుగు, సినిమావాళ్లు డెడ్ క్యాట్ అనేది, విడిగా కొనాలి. రికార్డర్‌తో పాటే కొనాలి. స్పాంజి తొడుగు గదిలో పంఖా గాలికి చాలు, ఏటి ఒడ్డుకు చాలదు. బొచ్చు తొడుగు లేనప్పుడు మనిషిని గాలికి వీపు పెట్టి నిలబెట్టి, మధ్యలో మన ఒళ్లు అడ్డం పెట్టడమే.

కరెంటు సంగతి ఈ రికార్డర్‌కు పెద్ద బలం. రిమోట్‌లో వేసే సన్న సెల్లులు (ట్రిపుల్ ఎ) రెండు చాలు, ఏ మండల కేంద్రంలోనైనా కిరాణా కొట్లో దొరుకుతాయి. ఆల్కలైన్ అని అడిగి తీసుకోవాలి. రిమోట్‌కు అని అడిగితే ఇచ్చే అగ్గువ సెల్లులు రిమోట్‌కే సరి, ఇందులో తొందరగా పడిపోతాయి. కంపెనీ లెక్క పది గంటలు. బయటి మైకు, హెడ్‌ఫోన్ పెడితే తగ్గుతుంది. ఛార్జింగ్ సెల్లులు వాడితే మెనూలో సెల్ రకం మార్చాలి, లేకపోతే మిగిలిన బ్యాటరీ గుర్తు అబద్ధం చెబుతుంది. రికార్డింగ్ నడుమ సెల్లు అయిపోతే ఆ ఫైలు పాడయ్యే ప్రమాదం ఉంది కాబట్టి ప్రతి పెద్ద ముచ్చటకు కొత్త జత వేసి, పాత జతను పరీక్షలకు వాడుకోండి. పవర్ బ్యాంకుతో యూఎస్‌బీ-సీ తీగ పెట్టి కూడా నడపొచ్చు.

కార్డు మైక్రో ఎస్‌డీ, 1 టెరాబైట్ దాకా పడుతుంది, అంత అక్కర్లేదు. 48 కిలోహెర్ట్జ్, 32-బిట్ స్టీరియోలో గంటకు 1.4 జీబీ దాకా అవుతుంది. 32 జీబీ కార్డులో ఇరవై రెండు గంటలకు పైగా పడుతుంది. పెద్ద కార్డు ఒకటి కన్నా చిన్నవి మూడు మేలు, పోతే ఒక ఊరే పోతుంది. నకిలీ కార్డులు బజారులో చాలా ఉన్నాయి. కొన్న రోజే కంప్యూటర్‌లో అంచు దాకా నింపి, తిరిగి చదివించి చూడాలి. ఫార్మాట్ మాత్రం రికార్డర్‌లోనే చేయాలి. 48 కిలోహెర్ట్జ్ అన్నది వీడియో లెక్క, పాటల లెక్క 44.1 మీద ఉంచేస్తే ఎడిటింగ్‌లో అనవసరపు తలనొప్పి. తేదీ, టైము ప్రతిసారీ చూసుకోవాలి. ఫైలు పేరు అక్కడి నుంచే వస్తుంది.

కెమెరాతో కలపడం పెద్ద విద్యేం కాదు. కెమెరా సొంత మైకు కూడా నడుస్తుండాలి, రెండూ మొదలుపెట్టాక, తర్వాత జతచేసుకునే గుర్తుగా ఫ్రేములో ఒక చప్పట్లు, ఆపేముందు ఇంకొకటి. గంట సాగిన రికార్డింగ్‌లో రెండు యంత్రాల గడియారాలు ఒకటి రెండు ఫ్రేములు ఎడం అవుతాయి, పెదవికీ మాటకూ తేడా తెలుస్తుంది. అరగంటకోసారి ఆపి కొత్త చప్పట్లు కొడితే ఈ బాధ ఉండదు.

ఇంటికొచ్చాక ఫైలు తెరిస్తే శబ్దాన్ని చూపే గీత సన్నగా, ఏమీ రికార్డు కానట్టు కనిపిస్తుంది. కొత్తవాళ్లు ఇక్కడ గుండె జారిపోతారు. లెవల్ పెంచండి, మాట బయటికొస్తుంది. రెండో పొరపాటు దీనికి తిరగేత: గట్టి శబ్దం గరిష్ఠ హద్దు దాటి ఉన్న ఫైలును తగ్గించకుండానే 16-బిట్‌కు మార్చేస్తే, 32-బిట్ దాచి ఉంచిందంతా అక్కడే తెగిపోతుంది. ముందు తగ్గించాలి, తర్వాత మార్చాలి. ఆడాసిటీ, రీపర్, డావిన్చీ రిజాల్వ్ లాంటి ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లు ఈ ఫైళ్లను తెరుస్తాయి. ఫోన్ యాప్‌లు కొన్ని తెరవవు, కాబట్టి ఇంటివాళ్లకు పంపే కాపీ ఎంపీ3 చేసి పంపండి. పంపడం మాత్రం మరవొద్దు.

వలస వెళ్లినవాళ్ల వైపు వస్తే రికార్డర్ పరీక్ష ఇంకో రకం. తెలుగు వలసంటే మారిషస్, ఫిజీ, నేటాల్ అని మొదలయ్యే స్క్రిప్టు ఇక్కడ కుదరదు. ఆ దేశాలకు కూలీలుగా ఓడలెక్కిన తెలుగువాళ్లు ప్రధానంగా మద్రాసు ప్రెసిడెన్సీ కోస్తా జిల్లాలవాళ్లు. నిజాం రాజ్యపు మనిషి దారి బొంబాయి వైపు. అక్కడి కామాఠీపురకు పేరు తెచ్చింది తెలంగాణ నుంచి పోయిన కామాఠీ కూలీలే. మగ్గం పట్టినవాళ్లు సోలాపూర్, భివండీ పోయారు. గుంపు మేస్త్రీ వెంట డ్యాములకు, కాలువలకు పోయిన పాలమూరు లేబర్ సరేసరి. అంటే రికార్డింగ్ జరిగేది చాల్‌ (వరుస గదుల ఇల్లు)లోని పది అడుగుల గదిలో, మరమగ్గాల సందులో, సైటు పక్క గుడిసెలో. ఇట్లాంటి చోట హెచ్1 ఎసెన్షియల్ లోపలి మైకులు ఓడిపోతాయి, క్లిప్ మైకు ఒక్కటే దిక్కు. మగ్గాల మోతను వేరే ఫైలుగా ఐదు నిమిషాలు పట్టుకొని, మాటను మగ్గం ఆగిన వేళ తీసుకోవాలి.

అమెరికాలోనో దుబాయిలోనో ఉన్న కొడుకునూ ఊళ్లో ఉన్న తల్లినీ కాల్‌లో మాట్లాడించి రికార్డు చేయాలంటే కాల్ శబ్దాన్ని నమ్ముకోవద్దు. కాల్ యాప్‌లు మాట కానిదంతా గోల అనుకొని నొక్కేస్తాయి. పాట అందుకుంటే పాటే ముక్కలైపోతుంది, నిట్టూర్పు అసలే రాదు. అవతలి మనిషి హెడ్‌ఫోన్ పెట్టుకొని, ఇంకో ఫోన్‌లో తన గొంతు తానే రికార్డు చేసి పంపాలి. ఇవతల తల్లి ముందు ఈ రికార్డర్. రెండూ తర్వాత కలుపుకోవాలి. జూమ్ కాల్‌కూ ఈ జూమ్ కంపెనీకీ ఏ సంబంధం లేదు, పేరు ఒకటే.

ఒప్పుకోలు కాగితం మీదకన్నా గొంతులో ముందు ఉండాలి. రికార్డింగ్ మొదటి నిమిషంలోనే పేరు, ఊరు, తేదీ, ఇది దేనికి వాడతామో చెప్పి వాళ్ల 'సరే' పట్టుకోవాలి. పరికరం ఇంత చిన్నది కావడం వల్ల ఐదు నిమిషాలకు దాన్ని మరిచిపోతారు. అది లాభమే, చిక్కు కూడా అక్కడే. ఎవరి భూమి ఎవరు రాయించుకున్నారో, రజాకార్లకు ఇల్లు చూపించింది ఎవరో పేర్లతో సహా వచ్చేస్తాయి, ఆ ఇంటివాళ్లు ఇప్పటికీ అదే వాడలో ఉంటారు. ముగిశాక ఏది ఉంచాలో ఏది తీసేయాలో మళ్లీ అడగాలి, ఆ జవాబు కూడా రికార్డు చేయాలి.

మరి ఎవరు కొనాలి? ఒంటరిగా తిరిగేవాళ్లు, మొదటి సినిమా తీసేవాళ్లు కొనొచ్చు. మన దగ్గర ఇదే కంపెనీ పాత 24-బిట్ రికార్డర్ హెచ్1ఎన్ ఇప్పటికే ఉంటే దీనికోసం పరుగెత్తక్కర్లేదు. అందులో లెవల్ కొంచెం తగ్గించి పెట్టుకుంటే చాలు, మిగిలిన డబ్బుతో మంచి క్లిప్ మైకూ బొచ్చు తొడుగూ వస్తాయి. మొగుడూపెళ్లాలను కలిపి కూర్చోబెట్టి చెరో మైకు పెట్టాలన్నా, కర్రకు కట్టే పెద్ద బూమ్ మైకు ఉన్నా ఇది చాలదు. పెద్ద మైకుల తీగలు పట్టే ఎక్స్‌ఎల్‌ఆర్ రంధ్రాలు రెండున్న హెచ్4 ఎసెన్షియల్ చూడాలి, బరువూ ఖర్చూ పెరుగుతాయి. కొనేటప్పుడు కోఠీలోనైనా ఆన్‌లైన్‌లోనైనా సీరియల్ నంబరు రాసిన బిల్లు, ఇండియా వారంటీ అడగండి. తొడుగు, రెండు గీతల జాక్ ఉన్న క్లిప్ మైకు, చిన్న ట్రైపాడ్, చెవి మూసే తీగ హెడ్‌ఫోన్, రెండు కార్డులు, మూడు జతల సెల్లులు కలిపితేనే దీని అసలు ధర. గొంగడి అక్కడే దొరుకుతుంది.